ఆలస్యమైన ఫలితానికి న్యాయమార్గం: విశాఖ మన్యం వైపు నుంచి ఒక చరిత్ర

విశ్వవిద్యాలయ పరీక్షలో తనకు వచ్చిన మార్కులు న్యాయంగా లేవనుకున్న విద్యార్థి రుసుము చెల్లించి జవాబుపత్రాన్ని మరొక పరీక్షకునిచేత దిద్దించుకోవడాన్ని పునర్మూల్యాంకనమని, వాడుకలో రీవాల్యుయేషన్ అని అంటారు. దిద్దిన మార్కుల కూడికను మాత్రమే సరిచూసే రీకౌంటింగ్ దీనికంటె చిన్న ప్రక్రియ. ఈ రెండింటిలో ఏది కోరుకున్నా దరఖాస్తుకు గడువు ఉంటుంది, రుసుముకు గడువు ఉంటుంది, అది దాటితే ఆలస్య రుసుముతో మరొక గడువు ఉంటుంది. ఫలితాన్ని ఏ తేదీలోగా ప్రకటిస్తామన్న మాట మాత్రం విశ్వవిద్యాలయ ప్రకటనలలో అరుదుగా కనిపిస్తుంది. ఈ ఏకపక్షపు ఏర్పాటు ఎలా వచ్చింది, దానికి ఎదురుగా విద్యార్థికి చట్టం ఏ కాలంలో ఏ దారి చూపింది అన్న ప్రశ్నకు సమాధానం కొంత విశ్వవిద్యాలయాల చరిత్రలోను, కొంత న్యాయస్థానాల చరిత్రలోను దొరుకుతుంది. తూర్పు కనుమల మన్యంలో, అంటే అరకు, అనంతగిరి, పాడేరు, చింతపల్లి ప్రాంతాలలో, ఈ రెండు చరిత్రలూ మైదానంలో నడిచిన తీరున నడవలేదు. అక్కడికి కళాశాల ఆలస్యంగా చేరింది. మామూలు సివిల్ కోర్టు చేరకుండా ప్రభుత్వమే ఆపింది.

గంజాం, విశాఖపట్నం జిల్లాల కొండ జమీందారీలలో 1830లలో చెలరేగిన తిరుగుబాట్లను అణచడానికి మద్రాసు ప్రభుత్వం పంపిన జార్జ్ రస్సెల్ అనే అధికారి, ఆ ప్రాంతాలను సాధారణ న్యాయపాలన నుంచి తప్పించి నేరుగా కలెక్టరు చేతికి అప్పగించాలని సూచించాడు. ఆ సూచనే 1839 నాటి 24వ చట్టమైంది. ఆ చట్టంతో రెండు జిల్లాల కొండభాగాలలో సివిల్, క్రిమినల్ అధికారాలు రెండూ కలెక్టరుకు సంక్రమించాయి. ఆ హోదాలో ఆయనను గవర్నరు ఏజెంటు అన్నారు, ఆయన ఏలుబడిలోని నేలను ఏజెన్సీ అన్నారు. మన్యాన్ని నేటికీ ఏజెన్సీ అని పిలవడం ఆ ఏర్పాటు మిగిల్చిన గుర్తే. 1874 నాటి షెడ్యూల్డ్ జిల్లాల చట్టం ఈ పద్ధతిని కొనసాగించగా, దాని కింద 1924లో ఏజెన్సీ రూల్స్ వచ్చాయి. అల్లూరి సీతారామరాజు నాయకత్వంలో 1922లో మొదలైన పోరాటం ఆయన మరణంతో ముగిసిన సంవత్సరం కూడా అదే.

ఏజెన్సీ రూల్స్ ప్రకారం సివిల్ దావాను విచారించేది న్యాయశాఖకు చెందిన మున్సిఫు కాడు. ఏజెన్సీ మున్సిఫు హోదాలో తహసీల్దారు, ఆయనపైన ఏజెన్సీ డివిజనల్ అధికారి, అందరిపైన ఏజెంటుగా కలెక్టరు విచారణ జరిపేవారు. అంటే శిస్తు వసూలు చేసే వరుసలోని అధికారులే తీర్పు చెప్పే వరుసలోనూ కూర్చున్నారు. స్వాతంత్ర్యానంతరం కూడా సివిల్ ప్రొసీజర్ కోడ్ మొదటి సెక్షనులోనే, తూర్పు గోదావరి, పశ్చిమ గోదావరి, విశాఖపట్నం ఏజెన్సీలలో అమలులో ఉన్న ప్రత్యేక నియమాలకు భంగం కలగకుండానే ఆ కోడ్ వర్తిస్తుందన్న నిబంధన నిలిచింది. ఇద్దరు రైతుల పొలంగట్టు తగవుకు ఈ పద్ధతి కొంత మేలు చేసి ఉండవచ్చు, ఎందుకంటే ఖర్చు తక్కువ, ఫార్మాలిటీ తక్కువ. అయితే ఫిర్యాదు ప్రభుత్వం మీదనో, ప్రభుత్వ చట్టంతో ఏర్పడిన సంస్థ మీదనో అయినప్పుడు, ప్రభుత్వాధికారే న్యాయాధికారి కావడంలోని ఇబ్బందిని విడమరచి చెప్పనక్కరలేదు.

అటువంటి ఫిర్యాదుకు తగిన సాధనం రిట్టు, అంటే ప్రభుత్వాధికారినో, చట్టబద్ధ సంస్థనో ఉద్దేశించి ఉన్నత న్యాయస్థానం జారీ చేసే ఆజ్ఞ. చట్టం అప్పగించిన పని చేయకుండా కూర్చున్న అధికారిని ఆ పని చేయమని ఆదేశించేది మాండమస్. పరిధి దాటి ఇచ్చిన ఉత్తర్వును తెప్పించి కొట్టివేసేది సర్షియోరరి. 1950కి ముందు కలకత్తా, బొంబాయి, మద్రాసు హైకోర్టులకు ఈ అధికారాలు ఉన్నా, అవి ఆ నగరాల ఎల్లలలోపలి వరకే పరిమితం. ఈ పరిమితి ఎంత కఠినమైనదో తేల్చిన తీర్పు తూర్పు కనుమల అంచునుంచే పుట్టడం విశేషం. పర్లాకిమిడి జమీందారీలోని గారబంధో తదితర గ్రామాల రైతులు, తమ శిస్తును పెంచుతూ మద్రాసులోని రెవెన్యూ బోర్డు ఇచ్చిన ఉత్తర్వును సర్షియోరరి ద్వారా కొట్టివేయాలని మద్రాసు హైకోర్టును ఆశ్రయించగా, వివాదం లండనులోని ప్రీవీ కౌన్సిలు దాకా వెళ్ళింది. బోర్డు కార్యాలయం మద్రాసు నగరంలోనే ఉన్నా భూమి, రైతులు, జమీందారు అందరూ గంజాంలో ఉన్నందున హైకోర్టు రిట్టు అక్కడికి పారదని ప్రీవీ కౌన్సిలు 1943లో నిర్ణయించింది. కొండల అంచు రైతుకు రాని రిట్టు, వాల్తేరులో చదువుకునే విద్యార్థికి మాత్రం ఎలా వస్తుంది? ఆనాటి ఆంధ్ర విశ్వవిద్యాలయ విద్యార్థి ఎవరైనా తన ఫలితం నెలల తరబడి రాలేదని మద్రాసు హైకోర్టునుంచి మాండమస్ కోరి ఉంటే, విశ్వవిద్యాలయం మద్రాసు నగరంలో లేదన్న ఒక్క కారణంతో ఆ పిటిషను వీగిపోయి ఉండేది.

విద్యార్థికి, పరీక్షకునికి మధ్య దూరం మన విశ్వవిద్యాలయాల పుట్టుకలోనే ఉంది. 1857లో ఏర్పడిన మద్రాసు విశ్వవిద్యాలయం లండన్ విశ్వవిద్యాలయం నమూనాను అనుసరించింది. పాఠం చెప్పడం ఊరూరా ఉన్న అనుబంధ కళాశాలల పని, ప్రశ్నపత్రం కూర్చి జవాబు దిద్దించి పట్టా ఇవ్వడం విశ్వవిద్యాలయం పని. పాఠం చెప్పిన గురువే పరీక్షించే పాత పద్ధతిలో మార్కుపై అనుమానం వస్తే గురువునే అడగవచ్చు. ఈ కొత్త పద్ధతిలో పరీక్షకుడు ఎవరో విద్యార్థికి తెలియకపోవడమే న్యాయానికి హామీ. పక్షపాతానికి తావులేకుండా చేసిన ఆ అజ్ఞాతమే జవాబుదారీని కూడా కనుమరుగు చేసింది. విజయవాడ కేంద్రంగా 1926లో ప్రారంభమై 1930లో వాల్తేరుకు తరలిన ఆంధ్ర విశ్వవిద్యాలయం, కట్టమంచి రామలింగారెడ్డి తొలి ఉపాధ్యక్షుడుగా, సొంత బోధనా విభాగాలను ఏర్పరచుకున్నప్పటికీ, అనుబంధ కళాశాలల విషయంలో మద్రాసు పద్ధతినే వారసత్వంగా తీసుకుంది.

ఆ విశ్వవిద్యాలయానికీ కొండలకూ మొదటి సంబంధం డబ్బు రూపంలో ఏర్పడింది. 1936లో ఒరిస్సా రాష్ట్రంలో చేరేవరకు విశాఖపట్నం జిల్లాలోనే ఉన్న జైపూరు జమీందారీ అధిపతి విక్రమదేవ వర్మ ఏటా లక్ష రూపాయల విరాళం ప్రకటించాడు. విశ్వవిద్యాలయపు సైన్సు, టెక్నాలజీ కళాశాలకు ఆయన పేరే పెట్టారు. ఆ జమీందారీ ఆదాయానికి ఆధారం కోరాపుట్ కొండల అడవులు, పొలాలు. ఆ కొండల పిల్లలకు అక్షరాలు నేర్పే బడులే అరుదైన రోజులలో ఆ కొండల శిస్తు వాల్తేరులో ప్రయోగశాలలను నిలబెట్టింది. ఈ దాతృత్వాన్ని తక్కువ చేయనక్కరలేదు గాని, లెక్కలో రెండో వైపు కూడా చూడడం చరిత్రకారుని బాధ్యత. ఆశ్రమ పాఠశాలలు, అంటే బడి, భోజనం, బస ఒకేచోట ఉండే గిరిజన పాఠశాలలు, స్వాతంత్ర్యం తరువాతి దశాబ్దాలలో విస్తరించి, గురుకులాలు వచ్చి, అరకులోను పాడేరులోను ప్రభుత్వ డిగ్రీ కళాశాలలు వెలసిన తరువాతనే బగత, వాల్మీకి, కొండదొర, కోటియా, పోర్జా, గదబ, కొంధు కుటుంబాల పిల్లలకు ఆంధ్ర విశ్వవిద్యాలయపు హాల్‌టికెట్ చేతికందింది. ఇంటిలో కువి, ఆదివాసీ ఒరియా వంటి భాషలు మాట్లాడి, బడిలో తెలుగు నేర్చి, డిగ్రీలో ఇంగ్లీషులో జవాబు రాసే విద్యార్థి పత్రాన్ని ఒక పరీక్షకుడు ఒకలాగా, మరొకరు మరొకలాగా దిద్దే అవకాశం ఎక్కువ. రీవాల్యుయేషన్ అతనికి విలాసమనుకోవడం సరికాదు.

ఇంగ్లండులో విశ్వవిద్యాలయం మీద విద్యార్థి ఫిర్యాదులను చాలాకాలం న్యాయస్థానాలు ముట్టుకోలేదు. పాత విశ్వవిద్యాలయాలలో చాలావాటికి విజిటర్ అనే పెద్ద ఒకరుండి, అంతర్గత వివాదాలకు ఆయన మాటే చివరి మాటగా ఉండేది. 2004 నాటి ఉన్నతవిద్యా చట్టం విద్యార్థుల ఫిర్యాదులలో విజిటర్ అధికారాన్ని తీసివేసి, స్వతంత్ర న్యాయనిర్ణేత కార్యాలయానికి దారి వేసింది. భారతదేశంలో గవర్నరు ఛాన్సలరు కావడం, ఉపాధ్యక్షునికి అప్పీలు చేసుకోవడం వంటి ఏర్పాట్లు ఆ సంప్రదాయపు నీడలే. అయితే ఇక్కడ న్యాయస్థానపు తలుపు ఇంగ్లండు కంటె ముందే తెరుచుకుంది.

1950 జనవరి 26న అమలులోకి వచ్చిన రాజ్యాంగపు 226వ అధికరణం, ప్రతి హైకోర్టుకు తన పరిధిలోని మొత్తం భూభాగంలో రిట్లు జారీ చేసే అధికారం ఇచ్చింది. ప్రీవీ కౌన్సిలు గీసిన నగరపు ఎల్ల ఒక్కరోజులో చెరిగిపోయింది. ఐదవ షెడ్యూలు కింద విశాఖ ఏజెన్సీ షెడ్యూల్డ్ ప్రాంతంగా కొనసాగి, సివిల్ దావాలు పాత ఏజెన్సీ నియమాల ప్రకారమే నడిచినా, రిట్టు విషయంలో అరకుకూ మద్రాసుకూ తేడా లేకుండా పోయింది. చట్టరీత్యా తేడా పోయిందిగాని, దారి తగ్గలేదు. అరకు విద్యార్థికి హైకోర్టు అంటే 1954 జూలై దాకా మద్రాసు, తరువాత రెండేళ్ళు గుంటూరు, 1956 నుంచి హైదరాబాదు, 2019 జనవరి 1 నుంచి అమరావతి. జపానుకు ఇనుప ఖనిజం పంపే ఒప్పందం పుణ్యమా అని 1960లలో వేసిన కొత్తవలస–కిరండూల్ రైలుమార్గం అరకును విశాఖతో కలిపింది గాని, విశ్వవిద్యాలయ పరిపాలన భవనంలో ఒక కాగితం గురించి వాకబు చేయడానికి కూడా ఒక రోజు పూర్తిగా పోయే ప్రయాణమది.

తలుపు తెరిచిన న్యాయస్థానాలు గడప దగ్గరే కొన్ని నియమాలు పెట్టుకున్నాయి. కాపీ కొట్టారన్న ఆరోపణపై ఫలితాన్ని రద్దు చేసేముందు విద్యార్థి వాదన వినవలసిందేనని ఉత్తరప్రదేశ్ హైస్కూల్, ఇంటర్మీడియట్ విద్యామండలి కేసులో సుప్రీంకోర్టు 1962లో చెప్పింది. మరుసటి సంవత్సరమే మైసూరు విశ్వవిద్యాలయం కేసులో, విద్యావిషయాలలో నిపుణుల నిర్ణయాన్ని న్యాయమూర్తులు తేలికగా కాదనరాదని కూడా చెప్పింది. ఈ రెండో ధోరణి 1984 జూలైలో మహారాష్ట్ర సెకండరీ, హయ్యర్ సెకండరీ బోర్డు కేసులో బలపడింది. జవాబుపత్రాన్ని చూసుకునే హక్కు, మళ్ళీ దిద్దించుకునే హక్కు సహజన్యాయ సూత్రాలనుంచి పుట్టవని, బోర్డు నిబంధనలు ఇస్తేనే ఉంటాయని, లక్షలమంది రాసే పరీక్షలో ప్రతివారికీ పత్రం చూపిస్తే ఫలితాలకు అంతమంటూ ఉండదని ఆ తీర్పు సారాంశం. దానితో రీవాల్యుయేషన్ అన్నది హక్కుగా కాక నిబంధన దయచేసిన వెసులుబాటుగా స్థిరపడింది. 2017 డిసెంబరులో, 2009 నాటి ఒక ఉపాధ్యాయ నియామక పరీక్షపై ఉత్తరప్రదేశ్ నుంచి వచ్చిన కేసులో సుప్రీంకోర్టు ఈ సూత్రాలనే మరల క్రోడీకరించి, తప్పు కళ్ళకు కట్టినట్టు కనిపించే అరుదైన సందర్భాలలో తప్ప న్యాయస్థానాలు మూల్యాంకనంలో తలదూర్చరాదని, సందేహం మిగిలితే దాని ప్రయోజనం పరీక్షల సంస్థకే చెందాలని చెప్పింది.

ఈ తీర్పుల వరుసను చూపి, పరీక్షల విషయంలో కోర్టుకు వెళ్ళి లాభం లేదని కళాశాలలలో చెప్పే మాట ఒకటి ఉంది. అది సగం నిజం. న్యాయస్థానాలు వెనుకాడింది ఒక జవాబుకు 4 మార్కులా, 7 మార్కులా అన్న ప్రశ్న దగ్గర. అది పాఠ్యవిషయం తెలిసినవారు తేల్చవలసిన ప్రశ్న. రుసుము తీసుకుని, నిబంధన ప్రకారం దరఖాస్తు స్వీకరించి, నెలల తరబడి ఫలితం ప్రకటించకపోవడంలో పాండిత్యానికి సంబంధించిన నిర్ణయమేదీ లేదు. అక్కడ ఉన్నది చేయవలసిన పని చేయకపోవడం మాత్రమే. మాండమస్ పుట్టిందే అటువంటి పరిస్థితి కోసం. నిబంధన తానే కల్పించిన రీవాల్యుయేషన్‌ను విశ్వవిద్యాలయం సహేతుకమైన కాలంలో పూర్తి చేయాలని కోరడానికి 1984 నాటి తీర్పు అడ్డురాదు, పైగా నిబంధనలో ఉన్నది అమలుచేయాలన్న దాని తర్కం విద్యార్థికే అనుకూలిస్తుంది. మార్కును ప్రశ్నించే పిటిషనుకూ, జాప్యాన్ని ప్రశ్నించే పిటిషనుకూ ఉన్న ఈ తేడాను గుర్తించక రెండింటినీ కలిపి, పత్రం సరిగా దిద్దలేదనీ ఫలితం రాలేదనీ ఒకే ఊపులో రాసిన పిటిషన్లు మొదటి కారణం మీద బలహీనపడి రెండో కారణాన్ని కూడా ముంచుతాయి.

మాండమస్‌కు ఒక పూర్వరంగం ఉంది: కోరిన పనిని ముందు ఆ అధికారినే అడిగి ఉండాలి, ఆయన నిరాకరించో మౌనం వహించో ఉండాలి. అందుచేత పరీక్షల నియంత్రణాధికారికి, రిజిస్ట్రారుకు రాతపూర్వకంగా వినతిపత్రం ఇచ్చి, దానిపై స్వీకృతి ముద్రో రిజిస్టర్డ్ పోస్టు రసీదో దాచుకోవడం మొదటి మెట్టు. అందులో హాల్‌టికెట్ సంఖ్య, పేపరు పేరు, రుసుము చెల్లించిన తేదీ, జాప్యం వల్ల తప్పిపోయే తదుపరి గడువు ఉండాలి. ఈ చివరి వివరమే కేసుకు ప్రాణం. ఆ తరువాతి మెట్టయిన రిట్ పిటిషనులో రాష్ట్ర ప్రభుత్వాన్ని, విశ్వవిద్యాలయాన్ని ప్రతివాదులుగా చేరుస్తారు. విశ్వవిద్యాలయం తరఫున హైకోర్టులో స్టాండింగ్ కౌన్సెల్ అనే నియమిత న్యాయవాది ఉంటాడు కనుక, చిన్న విషయమైతే ఆయన సూచనలు తెప్పించుకుని చెప్పిన తేదీనే న్యాయస్థానం ఉత్తర్వులో నమోదు చేసి పిటిషనును ముగించవచ్చు. స్వయంప్రతిపత్తి పొందిన ప్రైవేటు కళాశాల తానే పరీక్షలు నడిపితే, అది ప్రభుత్వ సంస్థ కాదన్న వాదన సాధారణంగా నిలవదు. ప్రజావిధి నిర్వర్తించే ప్రైవేటు ట్రస్టు కళాశాలపై కూడా మాండమస్ జారీ చేయవచ్చని సుప్రీంకోర్టు 1989లో ఒక గుజరాత్ కేసులో చెప్పింది. ఢిల్లీ కేంద్రంగా ఉన్న విశ్వవిద్యాలయంలో దూరవిద్య చదివేవారు ఢిల్లీ దాకా పోనక్కరలేకపోవడానికి కారణం 1963 నాటి పదిహేనవ రాజ్యాంగ సవరణ. వ్యాజ్యకారణం కొంతైనా పుట్టిన చోటి హైకోర్టుకు అది అధికారం ఇచ్చింది.

జాప్యం మన్యం విద్యార్థిని తాకే తీరు వేరు. ఒక పేపరు తప్పి రీవాల్యుయేషన్‌కు దరఖాస్తు చేసిన విద్యార్థి, ఫలితం రాకముందే సప్లిమెంటరీ రుసుము గడువు వస్తే ఆ రుసుము కూడా కట్టవలసిందే, లేకపోతే రెండు విధాలా నష్టపోతాడు. రీవాల్యుయేషన్‌లో ఉత్తీర్ణుడైతే కట్టిన సొమ్ము వృథా. మైదానపు పట్టణంలో ఇది చికాకు మాత్రమే కావచ్చు. కాఫీ పళ్ళ కోత, పసుపు అమ్మకం, ఉపాధిహామీ కూలి మీద నడిచే ఇంటిలో ఆ రుసుము రెండోసారి పుట్టడం కష్టం. సంక్షేమ వసతిగృహంలో సీటు, ఉపకారవేతనం, పీజీ లేదా బీఎడ్ ప్రవేశాల కౌన్సెలింగ్ అన్నీ ఉత్తీర్ణత మీద, దానికంటె ముఖ్యంగా ఉత్తీర్ణత రుజువయ్యే తేదీ మీద ఆధారపడతాయి. కౌన్సెలింగ్ ముగిసిన వారానికి వచ్చిన పాస్ మార్కు ఆ సంవత్సరానికి పనికిరాదు. సిగ్నల్ అందని గ్రామానికి ఫలితపు వార్త మరికొన్ని రోజులు ఆలస్యంగా చేరుతుంది గనుక విశ్వవిద్యాలయంలో జరిగిన జాప్యానికి కొండదారి జాప్యం కూడా తోడవుతుంది.

జరిగిన నష్టానికి డబ్బు రూపంలో పరిహారం కోరే దారి మధ్యలో కొంతకాలం తెరిచినట్టే కనిపించి మూసుకుపోయింది. 1986 నాటి వినియోగదారుల రక్షణ చట్టం వచ్చిన తరువాత, పరీక్ష రుసుము చెల్లించిన విద్యార్థి వినియోగదారుడేనని వాదిస్తూ జిల్లా ఫోరాలలో కేసులు పడ్డాయి. కొన్ని ఫోరాలు అంగీకరించాయి కూడా. అయితే పరీక్ష నిర్వహణ ఒక చట్టబద్ధ విధి అని, రుసుము సేవకు ధర కాదని, పరీక్ష రాసే విద్యార్థి వినియోగదారుడు కాడని బీహార్ పాఠశాల పరీక్షల బోర్డు కేసులో 2009లోను, హర్యానాలోని మహర్షి దయానంద్ విశ్వవిద్యాలయం కేసులో 2010లోను సుప్రీంకోర్టు తేల్చిచెప్పింది. తర్కం శుద్ధంగానే ఉంది గాని, ఫలితం మన్యానికి అనుకూలం కాదు. జిల్లా స్థాయిలో, న్యాయవాది లేకుండానే వాదించుకోగల చోటు పోయి, మిగిలినది రాష్ట్రానికి ఒక్కటే ఉండే హైకోర్టు.

ఆ లోటును కొంతవరకు పూడ్చినది 2005 నాటి సమాచార హక్కు చట్టం. దిద్దిన జవాబుపత్రం పరీక్షల సంస్థ వద్ద ఉన్న సమాచారమేనని, దానిని విద్యార్థి చూసుకోవచ్చునని, నకలు పొందవచ్చునని సీబీఎస్‌ఈ కేసులో సుప్రీంకోర్టు 2011 ఆగస్టు 9న చెప్పిన తీర్పుతో, 1984లో మూసిన తలుపు వేరే గోడలో తెరుచుకుంది. పరీక్షకుని పేరు, సంతకం మాత్రం మరుగుపరచాలి. జాప్యం విషయంలో ఈ చట్టం మరో విధంగా కూడా అక్కరకు వస్తుంది: దరఖాస్తు ఏ తేదీన ఏ విభాగానికి చేరింది, పత్రం మూల్యాంకనానికి ఎప్పుడు పంపారు, ఎప్పుడు తిరిగివచ్చింది అన్న వివరాలను అడగవచ్చు, 30 రోజులలో జవాబు ఇవ్వాలి, ఇవ్వకపోతే మొదటి అప్పీలు, ఆపైన సమాచార కమిషన్, దారిద్ర్యరేఖకు దిగువన ఉన్నవారికి రుసుము లేదు. విశ్వవిద్యాలయం తనకు తాను విధించుకోని గడువును ఈ చట్టం పక్కదారిన విధించింది. ఇందులో ఒక మెలిక ఉంది. జవాబుపత్రాలను నిర్ణీత కాలమే భద్రపరచి తరువాత నాశనం చేస్తారు, ఆ కాలం వరకే చూసుకునే హక్కు కూడా ఉంటుందని అదే తీర్పు చెప్పింది. కాబట్టి ఫలితం కోసం మౌనంగా ఎదురుచూసేవారి చేతిలోనుంచి సాక్ష్యమే జారిపోయే ప్రమాదం ఉంది.

జాప్యపు పర్యవసానం తెలుగు నేలపై అందరి కళ్ళకూ కట్టినది 2019లో, తెలంగాణ ఇంటర్మీడియట్ ఫలితాల సందర్భంలో. ఏప్రిల్ 18న వెలువడిన ఆ ఫలితాలలో తప్పులు బయటపడి, తెలుగు పరీక్షలో సున్నా వచ్చిన ఒక విద్యార్థినికి నిజంగా 99 మార్కులు వచ్చినట్టు తేలి, ఇరవైమందికి పైగా విద్యార్థులు ప్రాణాలు తీసుకున్న తరువాత, ప్రభుత్వం త్రిసభ్య సంఘాన్ని నియమించి, తప్పినవారందరి పత్రాలను ఉచితంగా పునఃపరిశీలించాలని నిర్ణయించింది. హైకోర్టులో ప్రజాప్రయోజన వ్యాజ్యం నడుస్తుండగా ఆ ఫలితాలు మే 27న వచ్చాయి. వెయ్యిమందికి పైగా కొత్తగా ఉత్తీర్ణులయ్యారు. సప్లిమెంటరీ పరీక్షలను జూన్‌కు జరపవలసి రావడం ఇక్కడ ప్రత్యేకంగా గమనించదగినది. పునఃపరిశీలన ఫలితం ముందు, మలి పరీక్ష తరువాత అన్న క్రమాన్ని లక్షలమంది విషయంలో పాటించడం సాధ్యమేనని ఆ సందర్భం నిరూపించింది. అంత గగ్గోలు పుడితే తప్ప పాటించరని కూడా.

మన్యానికి రిట్టు కొత్త కాదు. అనంతగిరి మండలంలో బొర్రా పరిసరాల గనుల లీజులను సవాలు చేస్తూ సమత అనే సంస్థ వేసిన పిటిషను సుప్రీంకోర్టు దాకా వెళ్ళి, 1997 జూలైలో షెడ్యూల్డ్ ప్రాంత భూములను గిరిజనేతరులకు లీజుకివ్వరాదన్న తీర్పును సాధించింది. దేశంలోని గిరిజన ప్రాంతాలన్నిటా ఆ తీర్పును నేటికీ ఉదహరిస్తారు. భూమి వంటి సామూహిక విషయంలో సంస్థ వెనుక నిలవగా సాధ్యమైనది, ఒంటరి విద్యార్థి మార్కుల జాబితా విషయంలో అరుదుగా సాధ్యమవుతుంది, ఎందుకంటే అతని నష్టం అతనిదే, కాలం గడిస్తే వివాదం దానంతటదే చల్లారిపోతుంది. అయినా 1987 నాటి న్యాయసేవల ప్రాధికార సంస్థల చట్టం పన్నెండవ సెక్షను షెడ్యూల్డ్ తెగలవారికి ఆదాయ పరిమితితో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయవాదిని పొందే హక్కు ఇచ్చింది. జిల్లా న్యాయసేవాధికార సంస్థ ద్వారాగాని, హైకోర్టులోని న్యాయసేవల కమిటీ ద్వారాగాని రిట్ పిటిషను వేయించుకోవచ్చు. భూమి తగవులకు, బెయిలు దరఖాస్తులకు ఈ హక్కు ఉందని తెలిసిన గ్రామాలలో కూడా పరీక్షాఫలితానికి ఇది వర్తిస్తుందన్న ఊహ వ్యాపించలేదు. సమీకృత గిరిజనాభివృద్ధి సంస్థ (ఐటీడీఏ) కార్యాలయాలు, కళాశాలల నోటీసు బోర్డులు ఆ పని సులభంగానే చేయగలవు.

చట్టం ఇచ్చే ఉపశమనం ఆలస్యంగా వస్తే ఏమవుతుందన్న ప్రశ్నకు ఆంధ్రప్రదేశ్ నుంచే వెళ్ళిన ఒక వైద్యవిద్య ప్రవేశ కేసులో 2019 డిసెంబరులో సుప్రీంకోర్టు జవాబిచ్చింది. తన తప్పేమీ లేకుండా, హక్కుల కోసం వెంటనే కోర్టుకు వచ్చిన అభ్యర్థికి, ప్రవేశాల గడువు దాటిపోయిందన్న కారణంతో సీటు నిరాకరించి పరిహారంతో సరిపెట్టనక్కరలేదని, అసాధారణ సందర్భాలలో తరువాతి సంవత్సరపు సీటు కూడా ఇవ్వవచ్చునని ఆ త్రిసభ్య ధర్మాసనం చెప్పింది. ఆ తీర్పు ప్రవేశాల గురించి చెప్పినదే అయినా, వెంటనే కదలినవారికే ఆ వెసులుబాటు అన్న షరతు ఫలితాల జాప్యానికీ అంతే వర్తిస్తుంది.

హైకోర్టుకు ముందున్న మెట్టును విశ్వవిద్యాలయ గ్రాంట్ల సంఘం 2012 నుంచి పలుమార్లు సవరించి, 2023 ఏప్రిల్‌లో కొత్త నిబంధనలుగా ప్రకటించింది. వాటి ప్రకారం ప్రతి సంస్థలో విద్యార్థుల ఫిర్యాదుల పరిష్కార కమిటీ ఉండాలి, అందులో ఒకరు మహిళ, ఒకరు ఎస్సీ, ఎస్టీ, ఓబీసీ వర్గాలలో ఒకదానికి చెందినవారై ఉండాలి. కమిటీ 15 పనిదినాలలో నివేదిక ఇవ్వాలి. దానిపై అంబుడ్స్‌పర్సన్‌కు, అంటే విశ్రాంత ఉపాధ్యక్షుడో, ఆచార్యుడో, జిల్లా న్యాయమూర్తో అయిన స్వతంత్ర విచారణాధికారికి, అప్పీలు చేసుకోవచ్చు. ఆయన 30 రోజులలో పరిష్కరించాలి. పరీక్షల నిర్వహణలో, ఫలితాల ప్రకటనలో విద్యా క్యాలెండరును మించిన జాప్యాన్ని ఈ నిబంధనలు ఫిర్యాదుల జాబితాలో పేర్కొన్నాయి. మన చట్టచరిత్రలో జాప్యాన్ని మార్కుతో కలపకుండా విడిగా గుర్తించిన మాటలు ఇటువంటివి అరుదు. అయితే ఆ రక్షణ క్యాలెండరును ఆశ్రయించుకుని ఉంది. పరీక్షల తేదీలు, సెలవుల తేదీలు అచ్చువేసి రీవాల్యుయేషన్ ఫలితాల తేదీని వదిలేసిన క్యాలెండరు ముందు ఫిర్యాదీ మళ్ళీ సహేతుకమైన కాలం అన్న పాత కొలమానానికే రావాలి. ఆ కొలమానాన్ని రోజుల లెక్కన కాక, విద్యార్థికి వచ్చే తదుపరి గడువును బట్టి, అంటే సప్లిమెంటరీ రుసుముకు చివరి తేదీకి ముందుగా ఫలితం వచ్చిందా లేదా అన్న దానిని బట్టి నిర్ణయించాలని కోరడానికి పై తీర్పులలో ఏదీ అడ్డుకాదు. ఆ తేదీని నిర్ణయించేది కూడా విశ్వవిద్యాలయమే కనుక, తన రెండు కార్యాలయ విభాగాలు ఒకదానితో ఒకటి మాట్లాడుకోలేదన్నది అది చెప్పుకోగలిగిన జవాబు కాదు.